ముప్ఫై ఐదు లీటర్ల ట్యాంకు

మా కారు ట్యాంకులో ముప్ఫై ఐదు లీటర్ల పెట్రోలు పడుతుందని కారుతో వచ్చిన పుస్తకంలో ఉంది. ఆ శనివారం పొద్దున్న బంకులో మీటరు ముప్ఫై ఏడు పాయింట్ నాలుగు దగ్గర ఆగింది.

నేను ఫిజికల్ సైన్స్ టీచర్ని. ఆత్రేయపురం దగ్గర ఒక జిల్లా పరిషత్ హైస్కూల్లో పని చేస్తున్నాను. మా ఇల్లు మండపేటలో. చాలా ఏళ్ళు బస్సుల్లో తిరిగాను. పొద్దున్నే ఒక బస్సెక్కి రావులపాలెంలో దిగి, అక్కణ్ణుంచి ఇంకో బస్సో ఆటోనో పట్టుకుని బడికి చేరేసరికి సగం ఓపిక అయిపోయేది. యాభైకి దగ్గరపడ్డాక డ్రైవింగ్ నేర్చుకుని, కిందటేడు సెకండ్‌హ్యాండ్‌లో ఒక చిన్న కారు కొనుక్కున్నాను. డాష్‌బోర్డు అరలో కారు పుస్తకం దొరికింది. పాత యజమాని దాన్ని తెరిచినట్టు లేదు, పేజీలు అంటుకుని ఉన్నాయి. నేను మొదటి అట్ట నుంచి చివరి అట్ట దాకా చదివాను.

"కారు నడపడానికి కొన్నావా, పరీక్ష రాయడానికి కొన్నావా?" అని మా ఆయన నవ్వారు. ఆయన తాసిల్దారు ఆఫీసులో గుమాస్తా. కాగితాలు చదవడం ఆఫీసుతోనే సరి ఆయనకి.

చదివినదాంట్లో నాకు అంకెలే గుర్తుండిపోయాయి. టైర్లలో గాలెంత, ఇంజనాయిల్ ఎంత, ట్యాంకులో పెట్రోలెంత. అంకె అంటే నాకు నమ్మకం. పిల్లలకి కొలజాడీ ఎలా చూడాలో ఇన్నేళ్ళుగా చెబుతున్నదాన్ని, అంకె దగ్గర ఎవరైనా తేడా చేస్తే ఊరుకోలేను.

ఆ శనివారం మేము జంగారెడ్డిగూడెం బయల్దేరాం. మా బావగారు, అంటే మా ఆయన అన్నయ్య, అక్కడ పామాయిల్ తోటలో కొత్తిల్లు కట్టుకున్నారు. ఆ మధ్యాహ్నం కొత్తింటి ప్రార్థన. నేను నడుపుతున్నాను, మా ఆయన పక్కన, మా అత్తగారు వెనక సీట్లో. వెనకసీటు వెనకాల అరలో పెద్ద అట్టపెట్టె నిండా పూతరేకులు. ముందురోజు బడి అయ్యాక ఆత్రేయపురంలో నేనే దగ్గరుండి చుట్టించి తెచ్చాను.

శుక్రవారం సాయంత్రానికే పెట్రోలు పసుపు లైటు వెలిగింది. నేను ఎప్పుడూ వెయ్యి రూపాయలకి పోయించుకునేదాన్ని. దూరప్రయాణం కదా, ఈసారి ఫుల్ ట్యాంకు చేయిద్దాం అన్నారు మా ఆయన. నాకూ సరదాగానే అనిపించింది. కారు కొన్నాక ట్యాంకు నిండా పోయించడం అదే మొదలు.

ఊరి బయట రైసుమిల్లులు దాటాక వచ్చే బంకు అది. పంపు దగ్గర ఒకామె ఉంది. ముప్ఫై ఐదేళ్ళుంటాయి. చీర మీద బంకు చొక్కా వేసుకుని, తలకి కండువా చుట్టుకుని ఉంది. "ఇంజన్ ఆపారా అండి? జీరో చూసుకోండి" అని మీటరు వైపు చెయ్యి చూపించింది. నేను కారు దిగి వెళ్ళి మరీ చూశాను. సున్నాలే ఉన్నాయి.

అంకెలు గిర్రున తిరిగాయి. ముప్ఫై రెండు దాటాక టక్‌మని శబ్దం వచ్చి ఆగిపోయింది.

"కట్ అయిందండి. చాలా?" అంది.

"ముప్ఫై రెండే కదమ్మా పట్టింది. ఇంకా ఖాళీ ఉంటుంది. దూరం వెళ్తున్నాం, నిండా పోసెయ్యి."

"ఆటో కట్ అయ్యాక పొయ్యకూడదంటారండి."

"ఏం పర్లేదు. నెమ్మదిగా పోస్తే పడుద్ది."

ఆమె నా ముఖం వైపు ఒకసారి చూసి, పెట్రోలు పోసే గన్ కొంచెం పైకి లాగి, కొద్దికొద్దిగా నొక్కడం మొదలుపెట్టింది. నొక్కినప్పుడల్లా టక్. ఆగడం, మళ్ళీ నొక్కడం. నేను పక్కన నిలబడి "ఇంకొంచెం, ఇంకొంచెం" అంటూనే ఉన్నాను. పెట్రోలు మూతి దగ్గర కనపడ్డాక ఆపింది. అప్పుడు చూశాను మీటరు. ముప్ఫై ఏడు పాయింట్ నాలుగు.

నాకు ఒళ్ళు మండింది. అసలు ట్యాంకు ఖాళీ కూడా కాదు. పసుపు లైటు వెలిగినా అడుగున కొంత ఉండే ఉంటుంది. అలాంటి ముప్ఫై ఐదు లీటర్ల ట్యాంకులో ముప్ఫై ఏడున్నర ఎలా పడుతుంది?

"ఇదేంటమ్మా, నా ట్యాంకే ముప్ఫై ఐదు!" అన్నాను.

"నాకేం తెలుసండి. నేను గన్ నొక్కడమే. లీటర్లు మిషనే చెబుద్ది."

"మిషను చెప్పేది మిషను చెబుద్ది. ఇందులో ఏదో చేతివాటం ఉంది."

ఆ మాట నా నోట్లోంచి వచ్చేసింది. ఈలోపు మా ఆయన కారు దిగారు. "దొంగ బంకు ఇది. మేనేజర్ని పిలవండి" అని గట్టిగా అన్నారు. వెనక లైన్లో మోటార్‌సైకిళ్ళు, స్కూటీలు ఆగి ఉన్నాయి. డీజిల్ డబ్బా పట్టుకుని నిలబడ్డ ఒకాయన "అన్నిచోట్లా ఇంతేనండి బాబూ" అన్నాడు. ఇంకొకాయన ఫోన్ తీసి వీడియో పట్టబోతే ఎవరో పంపు దగ్గర ఫోనేంటని కేకలేశారు.

మేనేజరు చిన్న వయసువాడే. కంగారు పడలేదు. "అనుమానం ఉంటే కొలిచి చూపిస్తానండి, అది మీ హక్కు" అని లోపలికెళ్ళి ఒక స్టీలు పాత్ర తెచ్చాడు. అడుగున వెడల్పుగా, పైన సన్నటి మెడతో ఉంది. మెడ దగ్గర అద్దం, అద్దం మీద గీతలు, పక్కన ప్రభుత్వం వాళ్ళు వేసిన ముద్ర. సరిగ్గా ఐదు లీటర్లు పట్టే కొలత అది. అదే గన్‌తో, మీటరు మీద ఐదు వచ్చేదాకా అందులో పోయించాడు.

"చూడండి మేడం."

నేను వంగి, నా కన్ను ఆ గీతకి సమానంగా వచ్చేలా కూర్చున్నాను. పైనుంచి చూస్తే ఒకలాగా, కిందనుంచి చూస్తే ఒకలాగా కనపడుతుందని పిల్లలకి చెప్పేదాన్ని కదా. పెట్రోలు అసలు గీతని తాకి, ఒక వెంట్రుకవాసి పైన నిలబడి ఉంది. తక్కువ పోయకపోగా కాస్త ఎక్కువే పోశారు.

"కొలతే మార్చారేమో" అన్నారు మా ఆయన, గొంతు తగ్గించి.

పంపు దగ్గర ఆమె గన్ పట్టుకుని అలాగే నిలబడి ఉంది. "చూసుకున్నారా అండి?" అంది మెల్లగా. చూసుకున్నానన్నట్టు తలూపి, ఆఫీసు గదిలోకెళ్ళి ఫోన్‌తో డబ్బు కట్టి, కారెక్కేశాను. క్షమించమని ఒక్క మాట అనలేదు. అనడానికి ఏదో అడ్డొచ్చింది. మీటరు సరిగ్గానే ఉంటే నా ట్యాంకు లెక్క ఎందుకు తప్పిందో అర్థం కాలేదు. అర్థం కాకుండా తప్పొప్పుకోవడం నాకు చేతకాలేదు.

ద్వారపూడి దాటకముందే మా అత్తగారు కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకున్నారు.

"ఏంటమ్మాయ్ ఈ కంపు?"

"పెట్రోలు పోయించాం కదండీ అత్తయ్యగారూ, పోతుంది లెండి" అన్నాను.

పోలేదు. రాజమండ్రి దాటి గోదావరి వంతెన ఎక్కాక అద్దాలన్నీ దించేశాం. కొవ్వూరు దాటేసరికి ఎండ బాగా ఎక్కింది, వాసనా పెరిగింది. దేవరపల్లి దగ్గర ఆగి కొబ్బరిబోండాలు తాగుతున్నప్పుడు మా ఆయన కారు చుట్టూ తిరిగి చూసి, "బంకులో కల్తీ పోసుంటారు" అన్నారు. నాకు మాత్రం ఆ ముప్ఫై ఏడున్నర మీదే ఉంది మనసు.

బావగారిల్లు చేరేసరికి పదకొండు దాటింది. ఇంటి ముందు ఎత్తుగా ఉన్నచోట ఎండలోనే కారు పెట్టి లోపలికెళ్ళాం. పాస్టరుగారు ఇంకా రాలేదు. బావగారు ఎవరినో ఎదురుకోవడానికి బయటికెళ్ళి, వెంటనే నన్ను పిలిచారు.

"అమ్మాయ్, ఒకసారి ఇటు రా."

వెళ్ళి చూస్తే పెట్రోలు మూత చుట్టూ తడి. అక్కణ్ణుంచి వెనక చక్రం మీదికి చార కారింది.

"గొంతు దాకా పోయించారా ఏంటి?"

"ఫుల్ ట్యాంకు చేయించామండి బావగారూ."

"ఫుల్ అంటే అంచులదాకానా? ఎండకి పెట్రోలు ఉబ్బదా? దానికి ఖాళీ ఉంచొద్దూ?" అని ఆయన నాచేత కారు తీయించి నీడలోకి, చదునుగా ఉన్నచోటికి మార్పించారు. ఆయన పదో తరగతితో చదువు ఆపేసి వ్యవసాయంలో పడిన మనిషి. "నేను ట్రాక్టర్‌కి కూడా నాలుగు వేళ్ళ ఖాళీ ఉంచే పోస్తాను" అన్నారు.

వేడికి ద్రవాలు వ్యాకోచిస్తాయని ప్రతి ఏడూ బోర్డు మీద రాస్తాను. గాజు సీసాకి బిరడా పెట్టి, సన్నగొట్టం దూర్చి, రంగునీళ్ళు పైకెక్కడం చూపిస్తాను. పిల్లలు చప్పట్లు కొడతారు. ఆ సీసా నా కారు వెనక చక్రం పైన ఉందని నాకు ఎప్పుడూ తోచలేదు.

ప్రార్థన మొదలయ్యే లోపల, పాటల కాగితం వెనక పెన్నుతో లెక్క వేశాను. నలభై లీటర్ల పెట్రోలు పదిహేను డిగ్రీలు వేడెక్కితే అరలీటరు పైగా పెరుగుతుంది. బంకులో పెట్రోలు నేలకింద ట్యాంకులో చల్లగా ఉంటుంది. మేం దాన్ని అంచులదాకా పోయించి ఎండలో వంద కిలోమీటర్లు తీసుకొచ్చాం. దారిలో కొంత ఖర్చయి ఉండకపోతే ఇంకా కారేది. పాస్టరుగారు కళ్ళు మూసుకోమన్నప్పుడు కూడా నా కళ్ళముందు ఆ రంగునీళ్ళ గొట్టమే ఉంది.

భోజనాల దగ్గర పూతరేకుల పెట్టె విప్పారు. అంత పల్చటి రేకులు కదా, దారిపొడవునా పెట్రోలు వాసన పీల్చేసుకున్నాయి. మా తోడికోడలు ఒకటి నోట్లో పెట్టుకుని, మర్యాదకి నమలబోయి నమల్లేక నా వైపు చూసింది. మా అత్తగారికి అలాంటి మర్యాదలు లేవు. "బంకులో చుట్టించావా ఏంటమ్మాయ్ వీటిని?" అన్నారు. ఇంటిల్లిపాదీ నవ్వారు. నేనూ నవ్వాను, పెట్టె మొత్తం పారబోయాల్సి వచ్చినందుకు మాత్రం ప్రాణం ఉసూరుమంది.

మర్నాడు ఆదివారం ఆరాధన నుంచి వచ్చాక కారు పుస్తకం మళ్ళీ తీశాను. ట్యాంకు సామర్థ్యం ముప్ఫై ఐదు లీటర్లు. ఆ మాట నాకు కంఠతా వచ్చు. దానికి దూరంగా ఇంకెక్కడో, పెట్రోలు పోయించే పద్ధతి చెప్పిన పేజీలో ఇంకో వాక్యం ఉంది. పంపు తనంతట తాను ఆగిపోయాక మళ్ళీ పోయించవద్దు, అంచులదాకా నింపవద్దు. ఆ పేజీ కూడా నేను చదివానని గుర్తు, మార్జిన్‌లో నేను పెన్సిల్‌తో పెట్టిన టిక్కే సాక్ష్యం. అందులో అంకె లేదు కాబట్టి బుర్రలో నిలబడలేదు.

సరే, పొయ్యకూడదు. కానీ ముప్ఫై ఐదు పట్టే దాంట్లో అదనంగా అంత ఎలా పట్టింది? ఖాళీ ఎక్కడుంది? ట్యాంకు ఎలా ఉంటుందో చూస్తే తప్ప నాకు తోచేలా లేదు. నేను ఊహించుకున్న ట్యాంకు గుండ్రటి డ్రమ్ము. డ్రమ్ములో ముప్ఫై ఐదు అంటే ముప్ఫై ఐదే.

మండపేటలో మా కారు చూసే మెకానిక్ ఒక పెద్దాయన. ట్రాక్టర్ల షెడ్ల వరసలో చివర ఆయన షెడ్డు. బుధవారం బడి నుంచి వస్తూ ఆగి అడిగాను. "ట్యాంకు విప్పి చూపిస్తారా అండి?"

ఆయన నా వైపు వింతగా చూశారు. "లీకుందా అమ్మా?"

"లేదండి. ఎలా ఉంటుందో చూడాలి."

ఆయన చేతులు తుడుచుకుంటూ కాసేపు ఆలోచించి షెడ్డు వెనక్కి తీసుకెళ్ళారు. కాలవలో మునిగి తుక్కుకొచ్చిన ఒక కారు, మాదే మోడల్, అక్కడ విప్పేసి ఉంది. దాని ట్యాంకు గోడకి ఆనించి ఉంది. నల్లటి ప్లాస్టిక్. డ్రమ్ములా లేదు, ఏ ఆకారంలోనూ లేదు. ఒక పక్క పల్చగా, ఒక పక్క లావుగా, మధ్యలో గుంటలు, పైన బుడిపెలు. ఎవరో నిద్రలో ఒత్తిగిలి పడుకున్న దిండులా ఉంది.

"వెనక సీటు కింద ఎక్కడ చోటుంటే అక్కడ ఇరికించేలా చేస్తారమ్మా. అందుకే ఈ వంకరలు. ఇదిగో ఈ పైన బుడిపె ఉంది చూశారూ, ఇందులో గాలి ఉండిపోద్ది. ఉండాలనే అలా చేశారు" అన్నారు.

"ఎంత గాలి?"

"అది నేనెప్పుడూ కొలవలేదు."

"కొలుద్దామా అండి?"

ఆయన నవ్వేశారు. "శనివారం రండి, కడిగించి ఉంచుతాను."

శనివారం మా ఆయన కూడా వచ్చారు. బంకు దొంగదని రుజువు చేయడానికే వస్తున్నానన్నారు. మెకానిక్ గారు ట్యాంకుని ఇటుకల మీద, కారులో ఎలా ఉంటుందో అలాగే చదునుగా పెట్టించారు. పెట్రోలు తోడే మోటారు లోపలికి దిగే పెద్ద రంధ్రానికి మూత బిగించి, పెట్రోలు పోసే గొట్టాన్ని, గాలి బయటికి పోయే సన్నగొట్టాన్ని తగిలించారు. నేను బడి ల్యాబ్ నుంచి లీటరు కొలజాడీ తెచ్చాను. మా ఆయన నీళ్ళు పోస్తున్నారు, నేను నోటుపుస్తకంలో గీతలు పెడుతున్నాను.

ముప్ఫై నాలుగు దాకా గలగలమని దిగిపోయాయి. ముప్ఫై ఐదోది పోస్తుండగా చప్పుడు మారింది. సగం జాడీకే నీళ్ళు గొట్టంలో పైకి ఎగదన్నుకొచ్చి నిలబడ్డాయి.

"చూశారా, ముప్ఫై ఐదు! నిండిపోయింది" అన్నారు మా ఆయన.

"ఉండండి" అన్నారు మెకానిక్ గారు.

ముగ్గురం ఆ గొట్టంలోకి చూస్తూ నిలబడ్డాం. లోపల బుడుక్‌మని ఒక బుడగ లేచింది. నీళ్ళు ఒక అంగుళం దిగాయి. ఇంకో బుడగ. మా ఆయన కొంచెం పోశారు. ఆగింది. మళ్ళీ బుడుక్. అలా ఆగుతూ ఆగుతూ ముప్ఫై ఆరు, ముప్ఫై ఏడు, ముప్ఫై ఎనిమిది. ఆ పైన బుడిపెలో దాక్కున్న గాలి సన్నగొట్టంలోంచి తప్పించుకుంటూ నీళ్ళకి చోటిస్తోంది. గొట్టం మూతి దాకా వచ్చేసరికి నా పుస్తకంలో నలభై ఒక్క గీతలున్నాయి.

మా ఆయన ఖాళీ జాడీ చేత్తో పట్టుకుని గీతలు మళ్ళీ లెక్కపెట్టారు. "మరి పుస్తకంలో నలభై ఒకటని రాయొచ్చు కదా" అన్నారు చివరికి.

"రాస్తే అందరూ నలభై ఒకటీ పోయించుకుంటారు సార్" అన్నారు మెకానిక్ గారు. తర్వాత వరసగా చెప్పుకొచ్చారు. పెట్రోలు ఆవిరి బయటికి పోకుండా పీల్చుకోవడానికి బొగ్గు ఉన్న డబ్బా ఒకటి కారులో ఉంటుందిట. అంచులదాకా పోస్తే ఆవిరి పోవాల్సిన దారిలో పెట్రోలే పోయి ఆ బొగ్గు తడిసిపోతుందిట, మాకొచ్చిన వాసన అలాంటిదేనట. పసుపు లైటు వెలిగేదాకా లాగడం కూడా మంచిది కాదన్నారు. పెట్రోలు తోడే మోటారు ట్యాంకులోనే ఉంటుంది, చుట్టూ పెట్రోలుంటేనే అది చల్లగా తిరుగుతుంది.

నా కారులో బొగ్గులుంటాయని యాభై ఏళ్ళొచ్చాక తెలిసింది. ఎంత సంతోషం వేసిందో చెప్పలేను. ఇంటికొస్తూ దారిపొడవునా దాని గురించే మాట్లాడాను. మా ఆయన ఇంటి గేటు తీస్తూ, "ఆవిణ్ణి అనవసరంగా అన్నాం" అన్నారు. అప్పుడు నా సంతోషం చల్లారింది.

సోమవారం బడికి వెళ్తూ బంకులో ఆగాను. పంపు దగ్గర వేరే మనిషి ఉన్నాడు. ఆమె బంకు చివర, రోడ్డు వైపు, టైర్లకి గాలి కొట్టే మిషను దగ్గర ఎండలో కూర్చుని ఉంది. నన్ను చూడగానే గుర్తుపట్టింది. లేచి నిలబడి, "గాలి చూడమంటారా అండి?" అంది మామూలుగా.

"గాలికి రాలేదమ్మా. ఆ రోజు నిన్ను అనకూడని మాట అన్నాను. తప్పు నాది. కట్ అయిందని నువ్వు చెప్పావు, నేనే వినకుండా పోయించాను. నన్ను క్షమించు."

ఆమె కండువా సర్దుకుంది.

"నా వల్లేనా నిన్ను ఇక్కడికి మార్చారు?" అని అడిగాను.

"మేనేజర్ గారు రెండు రోజులు అటు ఉండొద్దన్నారండి, జనం అదే మాట్లాడుకుంటున్నారని. తర్వాత రమ్మన్నారు. నేనే ఇక్కడుంటానన్నాను. అక్కడ రోజంతా ఆ వాసనకి తలపోటు వచ్చేది. ఇక్కడ ఎండే కానీ గాలుంటుంది."

నాకు కొంచెం ఊపిరి ఆడింది. కానీ ఆమె అంతటితో ఆపలేదు.

"ఉద్యోగానికి ఏం కాలేదండి. ఆ రోజు లైన్లో మా ఆడపడుచు ఉంది. స్కూటీకి పెట్రోలు పోయించుకుందామని వచ్చింది. చేతివాటం అన్నారు కదండీ మీరు. అది ఇంటికెళ్ళి చెప్పింది. మా అత్తగారు నన్నేమీ అడగలేదండి. అడిగితే బాగుండేది."

మీ ఇంటికొచ్చి చెప్పనా అని అడిగాను. ఆమె వద్దంది. టీచరుగారు ఇంటిదాకా వస్తే అదింకో వింత అవుతుందంది. "మా ఆడపడుచు శనివారం శనివారం పొద్దున్న వస్తుందండి. అప్పుడు మీరు ఇటు వస్తే చాలు."

వస్తానన్నాను. వెళ్ళబోతుంటే, "అయినా అంత పెట్రోలు ఎలా పట్టిందండి? నాక్కూడా అదే అనుమానం" అంది. నీళ్ళు పోసి కొలిచిన సంగతి చెప్పాను. బుడగ లేవడం, నీళ్ళు దిగడం చెబుతుంటే ఆమె కళ్ళు పెద్దవి చేసుకుని వింది. "మరి ఆ టక్‌మని ఆగిపోద్దే, అది కరెంటా అండి?" అని అడిగింది. ఆరేళ్ళుగా ఆ గన్ నొక్కుతున్నా ఎవరూ చెప్పలేదట. మెకానిక్ గారు ఆ శనివారం దాని గురించీ చెప్పింది నాకు గుర్తుంది. ఖాళీగా ఉన్న పంపు దగ్గరికి వెళ్ళి గన్ తీసి చూశాం. మూతి చివర, కిందివైపు, చిన్న రంధ్రం. గన్ ఆ రంధ్రంలోంచి లోపలికి గాలి పీల్చుకుంటూ ఉంటుంది. పెట్రోలు పైకొచ్చి ఆ రంధ్రాన్ని మూసేస్తే గాలి అందక లోపలి తాళం పడిపోతుంది. ఆమె చిటికెనవేలితో ఆ రంధ్రం తడిమి చూసి, "ముక్కు మూస్తే ఆగిపోయినట్టన్న మాట" అంది. నేను క్లాసులో అంత బాగా చెప్పగలిగేదాన్ని కాదు.

శనివారం మా ఆయనతో కలిసి వెళ్ళాను. రమ్మని నేనడగలేదు, ఆయనే చొక్కా మార్చుకుని కారెక్కారు. కాసేపటికి ఒక అమ్మాయి స్కూటీ మీద వచ్చింది. పాతికేళ్ళలోపే. వదిన దగ్గర మేం నిలబడి ఉండడం చూసి తడబడింది.

నేను జరిగింది మొత్తం చెప్పాను. మీ వదిన ఆపమంటే నేనే వినలేదని, మీటరు సరిగ్గా ఉందని, నా ట్యాంకు గురించి నాకే తెలియదని. మా ఆయన ఒక అడుగు ముందుకొచ్చి, "దొంగ బంకన్నది నేనమ్మా. అది తప్పు" అన్నారు. ఆయన అంత చిన్న గొంతుతో మాట్లాడడం నేనెప్పుడూ వినలేదు.

ఆ పిల్ల వదిన వైపు చూసింది. "నేను నమ్మలేదు వదినా. ఇంట్లో ఊరికే జరిగింది చెప్పానంతే" అంది.

"ఊరికే ఎందుకు చెప్పావే మరి" అంది ఆమె. కోపంగా అనలేదు, అలాగని నవ్వుతూనూ అనలేదు. వాళ్ళిద్దరి మధ్య అది అక్కడితో తేలిపోయేది కాదని నాకర్థమైంది. ఇంట్లో ఇంకా ఏవో మాటలు జరగాలి, వాటిలో నాకు చోటు లేదు. నేను చెయ్యగలిగింది చేశాను.

ఆ పిల్ల స్కూటీ సీటు ఎత్తి, ట్యాంకు మూత తిప్పి లోపలికి తొంగి చూసింది.

"దీంట్లో ఎన్ని లీటర్లు పడతాయండి టీచరుగారూ?"

"నాకు తెలీదమ్మా. పుస్తకంలో రాసి ఉంటుంది."

"పుస్తకం లేదండి, ఇది మా అన్నయ్య వేరేవాళ్ళ దగ్గర కొన్నాడు."

ఆమె గాలి గొట్టం కింద పెట్టి వచ్చింది. "సీటు కింద కాగితం ఏదో అంటించి ఉంది చూడవే" అంది. మురికి పట్టి అక్షరాలు కనపడలేదు. తన కండువా కొసతో తుడిచింది. ఆడపడుచు ఒక పక్కనుంచి, వదిన ఒక పక్కనుంచి, నేను కళ్ళజోడు సర్దుకుని మధ్యలోంచి, ముగ్గురం ఆ సీటు కిందికి వంగి చదవడం మొదలుపెట్టాం.